నెత్తళ్లూ వెదురు కొమ్ములూ

కిరండూల్ పాసింజరు అరకు స్టేషన్లో ఆగేసరికి వాన కూడా అప్పుడే ఆగింది. అయినా సుజానా తడిసింది.

తడిపింది వాన కాదు. భుజం మీద తెల్లటి థర్మోకోల్ పెట్టెతో ఒక యువకుడు బోగీలోంచి దిగాడు. దిగి పక్కకి తిరగ్గానే పెట్టె మూల నుంచి చల్లటి నీళ్లు ధారగా వచ్చి ఆమె కొత్త చున్నీ మీద పడ్డాయి. మామూలు నీళ్లయితే పోనీ అనుకునేది. అవి చేపల నీళ్లు.

"ఏటండి ఇది?" అంది సుజానా చున్నీ దులుపుకుంటూ.

"సారీ అండి. ఎస్.కోట దాకా గడ్డగానే ఉంది. ఆ తర్వాత ఐసు కరగడం మొదలెట్టింది."

"ఐసు కరిగితే ఇలా కంపు కొడతాదా?"

"కంపు కాదండి, సముద్రం."

"ఆ సముద్రాన్ని అక్కడే ఉంచి రావలసింది. మా కొండ మీదికి మోసుకురావడం దేనికి?"

"ఉంచేద్దామనే అనుకున్నాను. మీ కొండ మీది వాళ్లే ఆర్డరిచ్చారు." అతను పెట్టెని రెండో భుజానికి మార్చుకున్నాడు. "కృష్ణమూర్తి గారి హోటల్ ఎటండి?"

సుజానా ఒక్క క్షణం ఆలోచించింది. మేనత్తని రైలెక్కించడానికి వచ్చిన ఆమె, తిరిగి వెళ్లవలసింది ఆ హోటల్‌కే. రెండేళ్లుగా అక్కడ వంట ఆమెదే. విశాఖ నుంచి ఎవరో సీఫుడ్ చెఫ్ వస్తాడని యజమాని వారం రోజులుగా చెబుతూనే ఉన్నాడు. ఆ చెఫ్ ఇతనే అన్నమాట.

"తిన్నగా వెళ్లండి. మ్యూజియం దాటాక తోట వస్తుంది. తోట చుట్టూ తిరిగితే రోడ్డు. అక్కడ ఎవరినడిగినా చెప్తారు," అంది ఎంతో మర్యాదగా.

హోటల్ నిజానికి స్టేషన్ ఎదురు సందులోనే ఉంది.

అతను చేరేసరికి సుజానా చున్నీ మార్చుకుని, పొయ్యి ముందు కూర్చుని వెదురు బొంగుల్లో చికెన్ కూరుతోంది. దారిలో వాన మళ్లీ అందుకున్నట్టుంది. అతని జుట్టులోంచి నీళ్లు కారుతున్నాయి.

"అమ్మాయ్, ఇతనే దేవీప్రసాద్," అన్నాడు కృష్ణమూర్తి. విజయనగరం వైపు నుంచి పాతికేళ్ల కిందట కొండెక్కి, ముందు కిరాణా కొట్టూ ఆ తర్వాత హోటలూ పెట్టిన మనిషి ఆయన. "హోటల్ మేనేజ్‌మెంట్ చదివాడు. సముద్రం వంటలన్నీ ఇతనివి. ప్రసాద్, ఈమె సుజానా. కొండ వంటలన్నీ ఈమెవి. నా హోటల్ ముందు కార్లు ఆగుతున్నాయంటే ఈ అమ్మాయి చేతి బొంగు చికెన్ కోసమే."

దేవీప్రసాద్ ఆమెను చూశాడు. గుర్తుపట్టాడు. కోప్పడతాడనుకుంది.

"మీ ఊరి తోట చాలా బాగుందండి," అన్నాడు. "చుట్టూ తిరిగి చూశాను."

నవ్వు ఆపుకోవడానికి సుజానా బొంగులోకి తొంగి చూసింది.

*

అసలు సంగతి ఒక పెళ్లి విందు. పెళ్లికూతురు రాజకుమారి సుజానా ఊరి పిల్ల, చిన్నప్పటి నుంచీ స్నేహితురాలు. విశాఖలో నర్సుగా పని చేస్తూ, భీమిలి మత్స్యకారుల కుర్రాడు రవిబాబుని ఇష్టపడింది. ఏడాది పాటు రెండిళ్ల వాళ్లూ మూతులు ముడుచుకుని, చివరికి సరే అన్నారు. అన్నారే గానీ ఇప్పటికీ ఒకరి ఇంట్లో ఒకరు మంచినీళ్లు తప్ప ఇంకేం ముట్టుకోలేదు.

అందుకే రాజకుమారి పట్టుబట్టింది. "విందు అరకులోనే జరగాలి. ఇద్దరి ఇళ్ల వంటా ఒకే ఆకులో ఉండాలి. పక్కపక్కన కాదు, కలిపి."

రవిబాబుకి దేవీప్రసాద్ పిన్నమ్మ కొడుకు. విశాఖలో ఒక పెద్ద హోటల్లో ఉద్యోగం వచ్చి, చేరడానికి నెల రోజుల గడువుంది. అన్న పెళ్లి కదా అని ఆ నెలా ఇక్కడికి వచ్చాడు. వంటలు కుదర్చాలి, రుచి చూపించాలి, విందు రోజున వడ్డించాలి. పని అదీ.

కుదర్చడం అంత తేలిగ్గా కుదరలేదు.

మొదటి రోజు సుజానా పండుగప్ప ముక్కలకి మసాలా పట్టించి, బొంగులో కూరి, చికెన్‌కి పెట్టినంత సేపూ నిప్పుల మీద పెట్టింది. బొంగు చీల్చి ఆకులో పోస్తే ముక్క ఒక్కటీ లేదు.

"చేప ఏదండీ?" అన్నాడు దేవీప్రసాద్, గరిటెతో వెతుకుతూ.

"అదే అదంతా."

"ఓ. నేను చట్నీ అనుకున్నాను."

మర్నాడు అతని వంతు. కుండలో పులియబెట్టిన వెదురు కొమ్ములతో, అదే లేత వెదురు మొలకలతో, రొయ్యల పులుసు పెట్టాడు. కొమ్ములకి వాటి పులుపు వాటికే ఉంటుందని సుజానా చెప్పబోయింది. "పులుసంటే చింతపండేనండి, మా భీమిలిలో ఇది లేకుండా రొయ్య గిన్నెలోకి దిగదు," అని గుప్పెడు చింతపండు పిసికి పోశాడు. మొదటి చెంచా తనే నోట్లో పెట్టుకుని రెండు కళ్లూ గట్టిగా మూసుకున్నాడు.

"ఎలా ఉందండీ?" అంది సుజానా.

అతను కళ్లు తెరవకుండానే మంచినీళ్ల కోసం చెయ్యి చాపాడు.

కృష్ణమూర్తి రెండూ రుచి చూసి నిట్టూర్చాడు. "ఒక దాంట్లో చేప కనబడదు. ఇంకో దాని తర్వాత నాలుక కనబడదు. మీ ఇద్దరూ పోట్లాడుకుంటారో మాట్లాడుకుంటారో నాకు తెలీదు. ఏదో ఒకటి చేసి వండండి."

మాట్లాడుకోవడం అలా మొదలైంది. చేపని పసుపాకులో చుట్టి బొంగు మూతి దగ్గర ఉంచితే విరగదని అతను కనిపెట్టాడు. కొమ్ములు పడ్డ గిన్నెలో చింతపండు పడకూడదని ఒప్పుకున్నాడు. పిప్పళ్లు రొయ్యలతో బాగుంటాయనీ, చేప వాసన నిజంగా కంపు కాదనీ సుజానా ఒప్పుకుంది. రెండోది మాత్రం వారం తర్వాత ఒప్పుకుంది.

ఒకరోజు లేత కొమ్ములు కావాలని ఇద్దరూ కొండ మీది వెదురు పొదల్లోకి వెళ్లారు. ఉన్నట్టుండి వాన. సుజానా తన ఊరి రైతుల్లాగే ఆకులతో అల్లిన గిడుగు తల మీంచి వీపు దాకా వేసుకుంది. అతనికీ ఒకటిచ్చింది. అది వేసుకుని వంగి నడుస్తుంటే పెద్ద తాబేలు నడుస్తున్నట్టు ఉన్నాడు.

"మీరు సముద్రం చూశారా ఎప్పుడైనా?" అన్నాడు తాబేలు.

"చూశాను. కాలేజీ వాళ్లు తీసుకెళ్లారు. అందరూ నీళ్లలో దిగారు. నేను దిగలేదు."

"భయమా?"

"భయం కాదు. అంత పెద్దది. పరిచయం లేకుండా ఎలా దిగుతాం?"

అతను గిడుగు కొంచెం పైకెత్తి ఆమె వైపు చూశాడు. "నేను పరిచయం చేస్తాను," అన్నాడు.

సుజానా ఒక కొమ్ము తుంచింది. అది ముదురుదని బుట్టలో వేశాక గానీ తెలియలేదు. మాట మార్చడానికి, "మీ అమ్మగారు ఏం చేస్తారు?" అని అడిగింది.

"ఇంట్లోనే ఉంటారు," అన్నాడు. అని ముందుకి నడిచాడు. అప్పటిదాకా ఆమె అడుగుతో కలిపి నడిచిన మనిషి ఎందుకో రెండడుగులు ముందు నడిచాడు.

*

విందు ఆదివారం సాయంత్రం. పెళ్లికొడుకు వైపు వాళ్లు అరకు చూసినట్టూ ఉంటుందని గురువారమే బస్సులో వచ్చి, స్కూలు హాస్టల్లో దిగారు. ఆ రాత్రంతా వాన కురుస్తూనే ఉంది. శుక్రవారం పొద్దున కృష్ణమూర్తి ఫోన్ పట్టుకుని వంటింట్లోకి వచ్చాడు. ఆయన ముఖం చూసే సుజానాకి సగం అర్థమైంది.

"సొరంగాల దగ్గర పట్టాల మీద కొండచరియ పడిందిట. ఘాట్ రోడ్డు మీద చెట్లు పడ్డాయిట. నాలుగు రోజుల దాకా కింద నుంచి ఏదీ రాదు. మన చేపలు విశాఖలోనే ఉండిపోయాయి."

దేవీప్రసాద్ తువ్వాలు బల్ల మీద పడేశాడు. "అయితే చికెనే. చేసేదేముంది."

"రాజకుమారి ఏమైపోతుంది?" అంది సుజానా. "వాళ్లత్తారింటి వంట ఒక్కటీ లేకపోతే, చూశావా మనల్ని లెక్క చెయ్యలేదంటారు. మళ్లీ మొదటికొస్తుంది."

"రైలు రాకపోతే నేనేం చేస్తానండి? చేపలు ఈదుకుంటూ కొండెక్కుతాయా?"

"ఇవాళ సంత కదా. ఎండుచేపలు బోలెడుంటాయి. నెత్తళ్లు, ఎండు రొయ్యలు, ఉప్పు కోనాం. అవీ సముద్రంవే."

అతని ముఖం ఒక్కసారిగా బిగుసుకుంది.

"పెళ్లి విందులో ఎండుచేపలా? మా వాళ్లు నవ్వుతారు. నావల్ల కాదు."

"బాగానే ఉంటాయి కదా?"

"మీకు తెలీదండి. ఆ వాసన బట్టలకి పడుతుంది, పుస్తకాలకి పడుతుంది. క్లాసులో పక్కవాడు జరిగి కూర్చుంటాడు. దాంట్లోంచి బయట పడడానికి నేను ఎంత అవస్థ పడ్డానో మీకు తెలీదు. నా చేత్తో ఎండుచేప వండను."

సుజానాకి బాధా కోపం రెండూ వచ్చాయి. "మా ఇళ్లలో ఎండుచేప కాల్చిన వాసన వస్తే చుట్టాలొచ్చారని అర్థం," అంది. "వానాకాలం కూరలు దొరక్క అందరం అంబలి తాగి కూర్చున్న రోజున, మా అమ్మ నాలుగు నెత్తళ్లు నిప్పుల మీద వేసేది. ఇల్లంతా లేచి కూర్చునేది. మీకు వద్దంటే వద్దు. నేను వండుతాను."

బుట్ట తీసుకుని వెళ్లిపోయింది.

సంతలో ఎండుచేపల వరస దగ్గర ఎప్పటిలాగే జనం. సుజానా ఒక గంపలోంచి నెత్తళ్లు తీసి చూస్తుంటే, పక్కనే నిలబడ్డ ఒకావిడ చెయ్యి అడ్డం పెట్టింది. పొట్టిగా, దిట్టంగా ఉంది. చీర కుచ్చిళ్లు పైకి దోపుకుని, చెవులకి బరువైన బంగారు కమ్మలు పెట్టుకుంది.

"అవొద్దు గుంటా. పోయినేడు సరుకది. ఇది సూడు." పక్క గంపలోంచి ఒకటి తీసి మధ్యకి విరిచింది. టిక్కుమంది. "ఇలా ఇరగాల. వొంగితే తడి ఉన్నట్టు."

కొట్టువాడు ఏదో అనబోయాడు. ఆవిడ చూసిన చూపుకి ఊరుకున్నాడు.

"ఎంతమందికేటి వంట?"

"పెళ్లి విందండి. వందమంది దాకా."

ఆవిడ ఉత్సాహంగా ముందుకొచ్చింది. నెత్తళ్లు ఏరింది, రొయ్యలు చెరిగింది, కోనాం ముక్క ఒకటి నాలిక్కి తాకించి పక్కన పడేసి ఇంకోటి తీసింది. ఎవరో తెలియకపోయినా సుజానాకి ప్రాణం లేచి వచ్చింది. మనసులోది చెప్పుకోవడానికి మనిషి దొరికినట్టయింది.

"మీరు ఇంత ఇష్టంగా ఏరుతున్నారు. మా హోటల్లో ఒకాయన ఉన్నారు, ఎండుచేప పేరెత్తితే ముఖం తిప్పుకుంటారు. ఆ వాసనలోంచి బయట పడడానికి నానా అవస్థా పడ్డారట. చేత్తో ముట్టుకోనన్నారు."

"పెద్దింటి బిడ్డేమో," అని నవ్వింది ఆవిడ. "ఏ ఊరేటి?"

"భీమిలి."

ఆవిడ చెయ్యి గంపలోనే ఆగింది. "పేరేటి?"

"దేవీప్రసాద్."

ఆవిడ మిగిలిన రొయ్యలు నెమ్మదిగా చెరిగి గంపలో పోసింది. చేతులు దులుపుకుని, కొంగు చుట్టగా చుట్టి నెత్తిన పెట్టుకుంది.

"పద. నాను మోస్తాను."

వద్దన్నా వినలేదు. గంప నెత్తిన పెట్టుకుని, బురదలో ఒక్క అడుగు తడబడకుండా ముందు నడిచింది. సుజానా వెనక నడుస్తూ, తనేమన్నా తప్పుగా అన్నానా అని ఆలోచించుకుంది.

వంటింటి గుమ్మంలో దేవీప్రసాద్ ఎదురొచ్చాడు.

"అమ్మా," అన్నాడు.

సుజానా ఇద్దరి ముఖాలూ మార్చి మార్చి చూసింది.

అతని తల్లి అప్పలనరసమ్మ గంప దించి గోడవార పెట్టింది. "నీకు పనికిరాని సరుకంట. ఆ గుంట కొనుక్కుంది," అంది. గొంతులో కోపం లేదు. కొంగు విప్పి భుజాల మీద కప్పుకుని, వచ్చిన దారినే వానలోకి వెళ్లిపోయింది.

"మా అమ్మకేం చెప్పారు?" అన్నాడు దేవీప్రసాద్.

"మీరన్నదే చెప్పాను. ఆవిడ మీ అమ్మగారని నాకు తెలీదు."

"ఇసకలో ఎండబెట్టిన చేపలమ్మి పెంచింది నన్ను. ఆ మాట ఆవిడ చెవిన పడాలా?"

"నా నోట్లోంచి పడకూడదు, నిజమే." సుజానా కళ్లలో నీళ్లు తిరిగాయి. "కానీ ఆ మాట నేను పుట్టించింది కాదు ప్రసాద్ గారూ. పొద్దున పొయ్యి దగ్గర మీరే అన్నారు."

అతను ఏప్రన్ విప్పి కొక్కేనికి తగిలించి బయటికి వెళ్లాడు. సుజానా గంప ముందు కూలబడింది. ఇంత మంచి నెత్తళ్లు ఆమె ఎన్నడూ కొనలేదు. ఇంత బరువుగానూ ఎన్నడూ అనిపించలేదు.

*

మధ్యాహ్నం దాకా ఎదురుచూసింది. అతను రాలేదు. ఇక కూర్చోలేక, పెద్దావిడకి క్షమాపణ చెప్పుకుందామని గొడుగేసుకుని హాస్టల్‌కి వెళ్లింది.

వరండాలో తల్లీ కొడుకూ ఎదురెదురుగా కూర్చుని ఉన్నారు. సుజానా స్తంభం పక్కనే ఆగిపోయింది.

"కాలేజీకెల్లినప్పుడు డబ్బాలో నెత్తళ్ల ఏపుడు ఎట్టీదాన్ని," అంటోంది అప్పలనరసమ్మ. "అదేటి సేసీవోడివి?"

దేవీప్రసాద్ తల వంచుకున్నాడు. "పారేసేవాణ్ణి."

"రోజూనా?"

"రోజూ."

ఆవిడ కొంచెంసేపు వాన వైపు చూసింది.

"ఆకలేసీది కాదేటిరా మరి?" అంది.

అతని భుజాలు కదలడం సుజానాకి కనబడింది. అప్పలనరసమ్మ తన కొంగుతో అతని ముఖం తుడిచింది. చిన్నపిల్లాణ్ణి తుడిచినట్టు, కాస్త మోటుగానే తుడిచింది.

"సాల్లే. ఆ గుంట వొక్కత్తీ ఎంతని సేత్తాది. లెగు, బేగి ఎల్లి ఆ తలకాయలు తుంచుదాం." లేవబోయి, స్తంభం పక్కనున్న సుజానాని చూసింది. "నువ్వొచ్చీసినావేటి? రా. నిలబడి ఏడిస్తే వంటయిపోద్దా."

ఆ సాయంత్రం ముగ్గురూ వంటింట్లో నేల మీద కూర్చుని నెత్తళ్ల తలలు తుంచారు. వేడినీళ్లలో ఎంతసేపు ఉంచాలో, ఉప్పు కోనాం ఎన్నిసార్లు కడగాలో, రొయ్యలు ఏ రంగు వచ్చేదాకా వేయించాలో అప్పలనరసమ్మ చెబుతూ పోయింది. చింతపండు పడదనేసరికి మాత్రం ఆవిడ చెయ్యి నడుముకి చేరింది.

"సింతపండు నేకండా పులుసేటి?"

"అమ్మా, ఆ మాట నేనూ అన్నాను," అన్నాడు దేవీప్రసాద్. "అని చాలా నష్టపోయాను. నోరు మూసుకుని తిను."

నెత్తళ్లు వేసి వెదురు కొమ్ములతో పెట్టిన పులుసు ఆవిడ చేతిలో పోసింది సుజానా. ఆవిడ నాకింది. ఇంకోసారి చెయ్యి చాపింది. మూడోసారి గిన్నే అడిగింది.

సుజానా, దేవీప్రసాద్ ఒకరినొకరు చూసుకున్నారు. పొద్దుటి నుంచీ ఇద్దరి మధ్యా ఉన్న బిగువు సడలింది.

"సారీ," అన్నాడు అతను మెల్లగా. "మీ మీద అరిచాను."

"అరిచింది తక్కువే. నేను ఏడ్చిందే ఎక్కువ," అంది సుజానా. "కోనాం ముక్కలకి పసుపాకు మీరు చుట్టండి. నేను చుడితే ఊడిపోతోంది."

*

ఆదివారం సాయంత్రానికి వాన తెరిపిచ్చింది. హోటల్ వెనక పందిట్లో అడ్డాకుల విస్తళ్లు పరిచారు. పెళ్లికొడుకు వాళ్లు ఒక వరస, పెళ్లికూతురు వాళ్లు ఎదురు వరస. మధ్యలో ఖాళీ. సుజానా తండ్రి ఎలీయేజరు, ఊళ్లో అందరూ మాస్టారని పిలిచే చర్చి పెద్ద, చిన్న ప్రార్థన చేశాడు. తర్వాత వడ్డన.

ఎండు రొయ్యలు దంచి వేసి బొంగుల్లో ఉడికించిన సామల అన్నం. పసుపాకు విప్పితే పొగలు కక్కే కోనాం. నెత్తళ్లూ కొమ్ములూ కలిపిన పులుసు. ఆఖర్న చల్లటి చోడి అంబలి, అంటే రాగి జావ.

భీమిలి వరసలో పెద్దాయన సోములు ఆకు వైపు చూసి చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

"ఏటిది? పెల్లి విందులో ఎండుసేపలేటి? తాజా సేప పెట్టలేకపోనారా మాకు?"

ఎదురు వరసలో రాజకుమారి తల్లి ముఖం వాడింది. సుజానా చేతిలో గరిటె అలాగే ఉండిపోయింది.

దేవీప్రసాద్ పులుసు గిన్నె పట్టుకుని వరసల మధ్య ఖాళీలోకి వచ్చాడు.

"తాజా చేప రైల్లో ఇరుక్కుపోయింది మావయ్యా. కానీ అది వచ్చినా ఇప్పుడు నేను ఇదే పెడతాను," అన్నాడు. "నేను అప్పలనరసమ్మ కొడుకుని. ఈ చేపలు నన్ను పెంచాయి. మన ఊరి చేప ఈ కొండ మీదికి కొత్తగా రాలేదు. మన ఆడవాళ్లు గంపలకెత్తి పంపితే, వీళ్లు మనకన్నా ముందే దాన్ని చుట్టాల వంట చేసుకున్నారు. మనమే ఆలస్యంగా వచ్చాం. ఒక్క ముద్ద తిని చూడు. బాగులేకపోతే రైలు రాగానే నన్ను దాని కింద పడెయ్."

ఎవరో కిసుక్కున నవ్వారు. సోములు ముద్ద కలిపి నోట్లో పెట్టుకున్నాడు. నెమ్మదిగా నమిలాడు. అందరూ ఆయన దవడ వైపే చూస్తున్నారు.

"ఈ పులుపేటి?" అన్నాడు.

"వెదురు కొమ్ములు బాబూ," అన్నాడు ఎదురు వరసలోంచి రాజకుమారి తాత. "మా గట్టు మీదవే. రేపు రా, సూపిత్తాను."

"రేపెందుకు. ఇప్పుడు ఇంకొంచెం ఎయ్యమను."

ఆ తర్వాత సుజానాకి తల ఎత్తడానికి తీరికలేదు. ఎవరు ఏ వరసలో ఉన్నారో కూడా తెలియకుండా పోయింది. అంబలి పోసే వేళకి సోములూ తాతా ఒకే పక్క కూర్చుని, ఏ చేపకి ఏ ఆకు బాగుంటుందో వాదించుకుంటున్నారు. రాజకుమారి వంటింటి గుమ్మం దాకా వచ్చి సుజానాని కావలించుకుని, ఏడుస్తూ నవ్వింది.

గిన్నెలు సర్దుతుంటే అప్పలనరసమ్మ, ఎలీయేజరు పందిట్లో బల్ల మీద కూర్చుని కాఫీ తాగుతున్నారు. పనిలో పనిగా, ఏదో బేరం అడిగినట్టే ఆవిడ అడిగేసింది.

"మాస్టారూ, మీ గుంటని మా ఇంటికిత్తారేటి?"

ఎలీయేజరు కాఫీ గ్లాసు కింద పెట్టాడు. సుజానా చేతిలో గిన్నె ఠంగుమంది.

"మీ దేవుడూ మా దేవుడూ ఏరేరని నాకూ తెలుసు," అంది ఆవిడ. "ఆల్లిద్దరూ పెద్దోల్లు, సద్దుకుంటారు. మనమే సద్దుకోవాల."

ఎలీయేజరు నవ్వాడు. "పెద్ద విషయం అడిగారమ్మా. మా అమ్మాయిని అడగకుండా నేనేం చెప్పగలను?"

అందరూ ఆమె వైపు చూశారు.

"నన్ను ఇంకా ఎవరూ అడగలేదు నాన్నా," అంది, గిన్నె వైపు చూస్తూ.

దేవీప్రసాద్ గొంతు సవరించుకున్నాడు. ఏదో అనబోయాడు. వందమందికి జవాబు చెప్పిన నోరు ఇప్పుడు పెగలలేదు.

ఎలీయేజరు లేచి అతని భుజం తట్టాడు. "ఇక్కడొద్దులే బాబూ. రేపు పొద్దున ఇంటికి రా. నిదానంగా మాట్లాడుకుందాం."

"పొద్దునంటే ఎప్పుడో సెప్పండి మాస్టారూ," అంది అప్పలనరసమ్మ. "మావోడు ఎనిమిదైనా లెగడు."

*

తెల్లవారింది గానీ మంచు విడలేదు. కాఫీ తోట మీంచి తెల్లగా దిగి వాకిట్లో నిలిచింది. సుజానా పాలకని తలుపు తీసి, అలాగే ఆగిపోయింది.

చూరు కింద దేవీప్రసాద్ నిలబడి ఉన్నాడు. ఇస్త్రీ చొక్కా మంచుకి మెత్తబడిపోయింది. ఎంతసేపటి నుంచి నిలబడ్డాడో, జుట్టు మీద సన్నటి నీటి చుక్కలు.

"మా నాన్న ఇంకా లేవలేదు," అంది గుసగుసగా.

"తెలుసు. ఆయనతో మాట ఆయన లేచాకే." అతను ఒక్క మెట్టు ఎక్కాడు. "నేను ముందు అడగవలసిన మనిషిని అడగలేదు కదా. రాత్రంతా నిద్ర పట్టలేదు. ఎలా అడగాలో నాలుగైదు రకాలు అనుకున్నాను. ఇక్కడికొచ్చేసరికి ఒక్కటీ గుర్తు లేదు."

"మరి?"

"నువ్వంటే ఇష్టం సుజానా. ఆ విశాఖ హోటల్‌కి రానని రాత్రే చెప్పేశాను. నువ్వు కాదన్నా ఇక్కడే వండుతాను. కృష్ణమూర్తి గారు ఉండమన్నారు. ఔనంటే మాత్రం..." ఆగాడు. "ఔనంటే వంట బాగా కుదురుతుంది."

నువ్వు అనడం అదే మొదటిసారి. సుజానా పాలగిన్నెని రెండు చేతులతో గుండెకి పట్టుకుంది. నవ్వు వస్తోంది. ఏడుపూ వస్తోంది. ఏది ముందు రానివ్వాలో తెలియలేదు.

"లోపలికి రా. తడుస్తున్నావు," అంది.

"అంటే?"

"అంటే అదే."

అతను చెప్పులు విడిచి గుమ్మం దాటాడు. లోపలి గదిలో మంచం కిర్రుమంది.

"ఎవరమ్మా?" అన్నాడు ఎలీయేజరు నిద్రగొంతుతో.

సుజానా పక్కన నిలబడ్డ అతని వైపు ఒకసారి చూసింది.

"మనవాళ్లే నాన్నా," అంది.